పక్కింటి మీటరు

ఆ ఏడు రంజాను నెల రాకముందే మా ఆయన గురువైపోయాడు.

గేమ్ మెషిన్లు విప్పి కట్టేవాళ్ళని ఇంటర్నెట్ ఫోరాల్లో మర్యాదకి సుహు అంటారు. గురువుగారని అర్థం. కాలేజీవాడొకడు తన మెషిన్ పట్టుకుని వెళ్ళిపోతూ "థాంక్స్ సుహూ" అన్నాడు. వాడు సందు చివర నూడుల్స్ బండివాణ్ణి కూడా అలాగే పిలుస్తాడు. అయినా మా హందోకోకి ఆ మాట నెత్తికెక్కింది. మర్నాటికల్లా గుమ్మం మీద బోర్డు మారిపోయింది: 'సుహు హందోకో, చేతి గేమ్ మెషిన్ల నిపుణుడు'. దాని కింద చీమ తలకాయలంత అక్షరాల్లో 'లాండ్రీ కూడా కలదు' అని. ఆ లాండ్రీ నాది. ఆ ఇంట్లో పూటపూటా కుక్కర్లో బియ్యం పడుతున్నది దానివల్లే.

నేను హాంకాంగ్‌లో ఆరేళ్ళు ఒకళ్ళ ఇంట్లో చాకిరీ చేసి మా ఊరు సురబయా తిరిగొచ్చాను. తెచ్చిన దాంతో రెండు వాషింగ్ మెషిన్లు, రెండు ఇస్త్రీ పెట్టెలు కొన్నాను. మిగిలిన దాంతో ఆయన పాటల పోటీకి పిట్టల్ని కొన్నాడు. పిట్టలు పాడలేదు. తర్వాత ఉంగరాల్లో పొదిగే రంగురాళ్ళు కొన్నాడు. అవి కొన్న నెలకే రాళ్ళ పిచ్చి ఊళ్ళో అందరికీ తగ్గిపోయి, ఆయన దగ్గర మాత్రం రాళ్ళు మిగిలాయి. ఆ తర్వాత పట్టుకున్న పిచ్చి ఈ గేమ్ మెషిన్లు.

పనేమిటంటే, కంపెనీవాళ్ళు మెషిన్‌లో పెట్టి పంపిన సాఫ్ట్‌వేర్‌ని పక్కకి నెట్టి, బయటివాళ్ళు రాసిన ఫర్మ్‌వేర్ ఎక్కించాలి. అది ఎక్కితే మెషిన్ మన మాట వింటుంది. కావలసిన మార్పులు, చేర్పులు, వేరే భాషలు, అన్నీ వేసుకోవచ్చు. ఎలా చేయాలో ఫోరంలో అంచెలంచెలుగా రాసి ఉంటుంది, ఇంగ్లీషులో. మా ఆయనకి ఇంగ్లీషులో ఎస్, నో, సుహు వచ్చు. సుహు ఇంగ్లీషు కాదని ఆయనకి ఇప్పటికీ తెలియదు. అంచేత చదివి చెప్పేది నేను. మెషిన్ విప్పి లోపల తీగ అతకాల్సి వస్తే లవంగం సిగరెట్లు కాల్చి కాల్చి ఆయన చెయ్యి వణుకుతుంది. అంచేత టంకం పెట్టేదీ నేనే. "కాస్త ఇది పట్టుకో నార్నీ" అనేవాడు. నేను పట్టుకుని, అతికి, ఊది, తిరిగిచ్చేదాన్ని. ఆయన గుమ్మంలో నిలబడి, వచ్చినవాళ్ళకి ఎలక్ట్రాన్ల గురించి చెప్పేవాడు. సొమ్మొకడిది సోకొకడిది అని ఊరికే అనలేదు పెద్దలు.

మా ఇల్లు సందులో చివరిది. ఒక పక్క మురుగుకాలువ. ఇంకో పక్క ఏడాదిగా ఖాళీగా ఉన్న ఒంటిగది. మా కరెంటు మీటరు గుమ్మం పక్కన గోడకి ఉంటుంది. ముందే టోకెన్ కొనుక్కుని, వాళ్ళు ఫోన్‌కి పంపే ఇరవై అంకెలూ మీటరు మీద నొక్కితే కరెంటు. అది అయిపోవచ్చేముందు మీటరు టిట్ టిట్ అని అరుస్తుంది. మా సందులో రోజూ ఏదో ఒక మీటరు అరుస్తూనే ఉంటుంది. అది ఎవరి చెవిన పడ్డా ఒకటే మాట: "పక్కింటిదిలే."

ఉపవాసాలు మొదలైన రెండో వారంలో బు సులాస్మి వచ్చింది. బు అంటే అమ్మగారన్నట్టు. ఆవిడకి అరవై ఎనిమిదేళ్ళు. పురుళ్ళు పోసే నర్సుగా చేసి రిటైరైంది. సందులో సగంమంది ఆవిడ చేతుల్లోకే పుట్టారు, మా ఆయనతో సహా. మా పక్కనున్న ఖాళీ ఒంటిగది ఆవిడదే.

"రండి బు, కూర్చోండి" అన్నాడు ఆయన, కుర్చీలోంచి లేవకుండా.

"కూర్చోడానికి రాలేదురా. ఇది చూడు." సంచిలోంచి, శుభ్రమైన గుడ్డలో చుట్టిన గేమ్ మెషిన్ తీసింది.

"మనవడిదా?"

"నాది. ఏడేళ్ళ నుంచి ఆడుతున్నా. తెల్లారి ప్రార్థన అయ్యాక అరగంట. నీకేమన్నా అభ్యంతరమా?"

అది తెరిచి నాకు చూపించింది. చిన్న ఊరు కట్టుకుని, చెట్లు నాటుకుని, చేపలు పట్టుకునే ఆట. ఊళ్ళో జనానికి బదులు జంతువులుంటాయి. ఆవిడ ఊరి పేరు సిదోముక్తి. ఇళ్ళకంటే పూలమొక్కలే ఎక్కువ. ఏటి ఒడ్డు నుంచి కొండ దాకా బారులు బారులుగా నాటి ఉన్నాయి.

"ఇన్ని మొక్కలేంటి బు?" అన్నాను.

"నేను పోసిన పురుళ్ళే. గుర్తున్నంతవరకు బిడ్డకో మొక్క. ఇదిగో, ఈ ఎర్ర బారు వరదలొచ్చిన ఏడు. ఈ జంటలు కవలలు. కొండ మీద తెల్లవి నా చేతిలో నిలవనివాళ్ళు." తర్వాత వేలు పక్కకి జరిపింది. "బావి పక్కన పసుపుది వీడిది."

"నాదా?" అన్నాడు మా ఆయన.

"నీదే. ఎదురుకాళ్ళతో వచ్చావు. మీ అమ్మని రెండ్రోజులు ఏడిపించావు. అందుకే బావి పక్కన పెట్టా, ఓ కన్నేసి ఉంచొచ్చని."

నేను నవ్వాను. ఆయన నవ్వలేదు.

"నాకు కావాల్సింది ఒక్కటే," అందావిడ. "ఇందులో జంతువులొచ్చి ఏదో మాట్లాడతాయి, ఇంగ్లీషులో. ఏడేళ్ళుగా తలాడిస్తున్నా. ఎవరో పిల్లలు దీన్ని మన భాషలోకి మార్చారట గదా. దీనికేదో ఎక్కిస్తే వస్తుందట గదా. పండగలోపు ఎక్కించు. ఆ మేక నాతో ఏమంటోందో తెలుసుకోకుండా చావను."

"పిల్లాట బు, అరగంట పని. పనిలో పనిగా వంద గేములు ఉచితంగా వేసిస్తా."

"వంద నేనేం చేసుకోను? నా ఊరు పోకూడదు, అంతే. పోతే వాళ్ళందర్నీ మళ్ళీ నేను పుట్టించలేను."

"సుహు చేతిలో పెట్టారు. ఇక మర్చిపోండి."

"ఎవరి చేతిలో?"

ఆయన బోర్డు చూపించాడు. ఆవిడ కళ్ళజోడు సర్దుకుని మొత్తం చదివింది. చీమ తలకాయల అక్షరాలు కూడా చదివింది. నా వంక ఒకసారి చూసి వెళ్ళిపోయింది.

ఆ మెషిన్‌కి ఎలా చేయాలో నేను చదివాను. మొదటి అంచెలోనే ఎర్రక్షరాల్లో ఉంది: ముందు లోపలి చిప్‌లో ఉన్నదంతా కాపీ తీసుకోండి, అది లేకుండా ముందుకెళ్ళకండి. ఎందుకంటే ఆడిన ఆట మెమరీ కార్డులో ఉన్నా, దాని తాళం చెవి ఆ మెషిన్ చిప్‌లోనే ఉంటుంది. చిప్ పోతే కార్డు ఉండీ లేనట్టే.

"కాపీకి గంట పడుతుంది" అన్నాను.

"గంటలో నేను రెండు మెషిన్లు కొట్టేస్తా. క్యూ చూడు, పండగ ముందు. కాపీలు గీపీలు భయస్థులకి."

పెళ్ళయిన తొమ్మిదేళ్ళలో ఆయనతో వాదించి గెలిచిన సందర్భాలు నాకేమీ లేవు. వాదించకుండా గెలిచినవి మాత్రం చాలానే ఉన్నాయి. శుక్రవారం ఆయన మసీదుకి వెళ్ళినప్పుడు ఇస్త్రీ ఆపి, తలుపు వేసి, కాపీ తీశాను. దాన్ని చిన్న పెన్ డ్రైవ్‌లో వేసి బిస్కెట్ల డబ్బాలో పెట్టాను. మా ఊళ్ళో బిస్కెట్ల డబ్బాలో బిస్కెట్లు తప్ప అన్నీ ఉంటాయి. నా డబ్బాలో గుండీలు, దారాలు ఉంటాయి. మా ఆయన ఈ జన్మలో గుండీ కుట్టుకోడు గనక అంతకంటే భద్రమైన లాకరు లేదు.

శనివారం సాయంత్రం ఉపవాసం విడవడానికి ఇంకా గంట ఉంది. నేను ఒక పక్క పండగ బట్టలు ఇస్త్రీ చేస్తున్నాను. ఆయన బు సులాస్మి మెషిన్ ముందేసుకున్నాడు. దాని బ్యాటరీ పాతబడి ఉబ్బిపోయింది. కొత్తది తెప్పించే ఓపిక గురువుగారికి లేదు. బ్యాటరీ తీసేసి, దాని చోట రెండు తీగలు తగిలించి, గోడ ప్లగ్గు నుంచే కరెంటు ఇచ్చాడు. ఫర్మ్‌వేర్ ఎక్కడం మొదలైంది. తెర మీద గీత మెల్లగా జరుగుతోంది.

బయట టిట్ టిట్ అంటోంది.

"మనదేమో చూడండి" అన్నాను.

"పక్కింటిదిలే."

"ఏ పక్కిల్లు? ఒక పక్క మురుగుకాలువ, ఒక పక్క ఖాళీ గది. కాలువ టోకెన్ కొట్టించుకుంటుందా?"

"మొన్నే కొన్నాను టోకెన్. నీ పని నువ్వు చూసుకో, ఇది బుర్రతో చేసే పని."

నేనైనా వెళ్ళి చూడొచ్చు. గుమ్మం దాకా పది అడుగులు. వెళ్ళలేదు. చొక్కా కాలరు మీద ఇస్త్రీపెట్టె నొక్కిపెట్టి, అరవనీ అనుకున్నాను. ఒక్కసారైనా ఆయన తప్పని కరెంటు బోర్డువాళ్ళే తేల్చాలని నాకు లోపల్లోపల ఉంది. ఆ సంగతి ఒప్పుకోకుండా ఈ కథ చెబితే నేనూ బోర్డు రాయించుకున్నట్టే.

కరెంటు పోయింది. ఫ్యాను ఆగింది. ఇస్త్రీపెట్టె మీద ఎర్రదీపం ఆరింది. మెషిన్ తెర నల్లబడింది.

ఆయన బయటికి పరిగెత్తాడు, ఫోన్ చూశాడు. టోకెన్ కొన్న మాట నిజమే. ఇరవై అంకెలు ఫోన్‌లోనే ఉన్నాయి. మీటరు మీద నొక్కలేదంతే. ఇప్పుడు నొక్కాడు, రెండుసార్లు తప్పు నొక్కి మూడోసారి. కరెంటు వచ్చింది, మెషిన్ రాలేదు. ఏ మీట నొక్కినా పలకలేదు. ఈ పనిలో అలాంటి దాన్ని ఇటుక అంటారు. ఇల్లు కట్టడానికి కూడా పనికిరాని ఇటుక.

నేను ఆయన మొహం వంకే చూస్తున్నాను. "కాపీ ఉందా?" అని అడిగితే చాలు, డబ్బా తెచ్చి ముందు పెట్టేదాన్ని. అడగలేదు. అడగాలంటే కాపీ తీయలేదని ఒప్పుకోవాలి.

ఆదివారం బు సులాస్మి వచ్చింది. ఆయన గొంతు సవరించుకున్నాడు.

"బు, మీ మెషిన్ బాగా పాతది. లోపల చిప్‌కి జబ్బు ఎప్పట్నుంచో ఉంది. నేను తెరిచేసరికే ఆఖరి దశ. మీరింకో నెల ఆడినా అదే పోయేది."

ఆడలేనమ్మ మద్దెల ఓడన్నదంటే మద్దెలకి నోరు లేదు గనక సరిపోయింది. ఇక్కడ మద్దెల యజమాని ఎదురుగా నిలబడి వింటోంది.

"ఊరు?" అందావిడ.

"ఊరు పోయినట్టే బు. నా తప్పేం లేదు. కావాలంటే ఇంకో మెషిన్ చవగ్గా ఇప్పిస్తా. కొత్త ఊరు కట్టుకోవచ్చు, ఖాళీయేగా మీరు."

బు సులాస్మి మెషిన్ మీద చెయ్యి వేసి చూసింది, ఒళ్ళు కాలుతోందేమో అని బిడ్డ నుదురు చూసినట్టు. తర్వాత దాన్ని అక్కడే వదిలేసి, గోడ పట్టుకుని నడుచుకుంటూ వెళ్ళిపోయింది.

అప్పుడైనా నేను వెనకాల పరిగెత్తి చెప్పాలి. చెప్పలేదు. ఇవాళ ఒప్పుకుంటాడు, రేపు ఒప్పుకుంటాడు అని చూశాను. తను కడుపులోంచి బయటికి రావడానికి సాయం చేసిన మనిషితో అబద్ధమాడి ఎన్ని పూటలు అన్నం తినగలడో చూద్దామనుకున్నాను. నిక్షేపంగా తిన్నాడు. రెండు రోజులూ ఉపవాసం విడిచే వేళకి మూడేసి ఖర్జూరాలు, ముంత నిండా చల్లటి టీ, ఆపైన పళ్ళెం నిండా అన్నం. సందు మొదట్లో ఆ ముసలావిడ ఏడుస్తోందని సరుకుల కొట్లో చెప్పుకున్నారు. ఆయన అబద్ధమాడాడు. నేను ఆయన్ని పరీక్ష పెట్టడానికి ఆవిడ కన్నీళ్ళు ఖర్చుపెట్టాను. ఇందులో ఎవరు నయమో నన్నడక్కండి.

మంగళవారం పొద్దున ఆయన పడుకున్నాడు. ఉపవాసమంటే ఆయనకి పగటినిద్రకి దొరికిన సెలవు చీటీ. నేను ముందు మీటరు చూశాను. ఇస్త్రీపెట్టెలు, కుక్కరు, ఫ్రిజ్, అన్నీ ప్లగ్గులు పీకేశాను. మెషిన్ విప్పి భూతద్దం కింద పెట్టాను. బోర్డు మీద ఆవగింజలో సగమంత చుక్కలు నాలుగున్నాయి. వాటికి వెంట్రుకంత తీగలు అతికి, ఆ తీగల్ని కంప్యూటర్‌కి కలిపి, డబ్బాలో దాచిన కాపీని చిప్‌లోకి తిరిగి రాయాలి. ఒక్క చుక్క ఊడొచ్చినా ఊరు నిజంగానే పోతుంది. మూడు చుక్కలు పడ్డాయి. నాలుగోది దగ్గరికి వచ్చేసరికి నా చెయ్యి కూడా వణికింది. సిగరెట్లు లేకుండానే వణికింది. ఇస్త్రీపెట్టె పట్టుకునేటప్పుడు చేసినట్టు మోచెయ్యి బల్లకి ఆనించి, ఊపిరి బిగబట్టి పెట్టాను. అతుక్కుంది.

గంటంబావు తర్వాత తెర వెలిగింది. సిదోముక్తి. బావి దగ్గర మొక్క తల వాల్చేసి ఉంది గాని, ఉంది. ఫర్మ్‌వేర్ పద్ధతి ప్రకారం మళ్ళీ ఎక్కించాను. భాష మార్చే ఫైళ్ళు వేశాను. ఊబిలోంచి బయటపడ్డట్టు కుర్చీలో వెనక్కి వాలి, కాసేపు ఊరికే ఏడ్చాను. సంతోషమో సిగ్గో నాకే తెలియలేదు.

ఆయన కళ్ళు నులుముకుంటూ వచ్చాడు. వెలుగుతున్న తెర చూశాడు. విప్పి ఉన్న బోర్డు, తీగలు చూశాడు.

"చూశావా," అన్నాడు. "చిప్ చల్లారితే అదే వస్తుందని నేననుకుంటూనే ఉన్నా."

ఫోన్ తీసి ఒక ఫొటో కొట్టాడు. నేను తీగలు విప్పి, కొత్త బ్యాటరీకి మనిషిని పంపి, బట్టలారేయడానికి వెళ్ళాను. తాడు మీద రెండో దుప్పటి వేస్తుండగా నా ఫోన్ మోగింది. ఫోరంలో ఫొటో. నా టంకం, నా నాలుగు చుక్కలు, మూలన నా ఎడమ బొటనవేలు కూడా. కింద ఆయన మాటలు: 'అందరూ వదిలేసిన ఇటుకని ఇవాళ బతికించాను. ఓపికే గురువు.' ఆ కింద సలాం సుహు, సలాం సుహు అని నలభై మంది.

నేను దుప్పటి సరిగ్గా పరిచి, క్లిప్పులు పెట్టాను. మిగతా బట్టలు కూడా ఆరేశాను. బ్యాటరీ రాగానే పెట్టి, మెషిన్ బిగించి, బు సులాస్మి ఇంటికి తీసుకెళ్ళాను.

ఆవిడ మెషిన్ తెరిచింది. కాసేపటికి మేక ఇంట్లోంచి బయటికొచ్చింది. ఆవిడ కళ్ళజోడు పెట్టుకుని గట్టిగా చదివింది.

"'ఇన్నాళ్ళూ కనబడలేదేం? ఊరంతా నీకోసం చూస్తోంది.'"

ఆవిడ తలముసుగు చెంగుతో కళ్ళు తుడుచుకుని ఇంకో మీట నొక్కింది.

"'అన్నట్టు, ఒక జత చెప్పులుంటే ఇస్తావా?'" చదివి నా వంక చూసింది. "దీని దుంపతెగ. ఏడేళ్ళుగా ఏదో వేదాంతం చెబుతోందనుకున్నానే!"

ఇద్దరం పొట్ట పట్టుకుని నవ్వాం. నవ్వు ఆగాక అడిగాను, "బు, మా గోడ పక్క మీ ఒంటిగది ఖాళీయేగా? నాకు అద్దెకిస్తారా?"

ఎందుకని అడగలేదావిడ. తాళాల గుత్తి తీసి, అందులోంచి ఒకటి విడదీయడానికి గోరుతో చాలాసేపు కుస్తీ పట్టింది.

మూడు రోజుల్లో ఆ గదికి వేరే మీటరు పెట్టించాను. వాషింగ్ మెషిన్లు, ఇస్త్రీపెట్టెలు, టంకం పెట్టె, భూతద్దం, బిస్కెట్ల డబ్బా పక్కగదిలోకి చేరాయి. "పండగ రద్దీ గదా, అటు జాగా ఎక్కువ" అన్నాడు మా ఆయన అందరితోనూ, తనే నన్ను పంపించినట్టు. నా పరుపు కూడా వెళ్ళిన సంగతి రాత్రి దాకా గమనించలేదు. ఆ వారం ఆయన బల్ల మీద విప్పిన మెషిన్లు విప్పినట్టే ఉన్నాయి. జనం ఒకరొకరుగా వచ్చి వాటిని సంచుల్లో వేసుకుని నా గుమ్మంలోకి వచ్చారు. ఒకడు నన్ను సుహూ అన్నాడు. ఇంకోసారి ఆ మాటంటే ఇస్త్రీపెట్టె విసురుతానన్నాను.

పండగ వచ్చింది. మాలో పండగ పొద్దున చిన్నవాళ్ళు పెద్దవాళ్ళ ముందు మోకాళ్ళ మీద కూర్చుని, తెలిసీ తెలియక చేసిన తప్పులు మన్నించమని అడగాలి. పెళ్ళాం మొగుణ్ణి అడగాలి. గోడ అవతల హందోకో కొత్త చొక్కా వేసుకుని కుర్చీలో కూర్చున్నాడని నాకు తెలుసు. ఆ చొక్కా ఇస్త్రీ చేసింది నేనే. నా గదికి బు సులాస్మి వచ్చింది. నేను ఆవిడ ముందు కూర్చుని, మోకాళ్ళ మీద తల పెట్టాను.

"మాట వరసకి అడగడం లేదు బు. కాపీ నా దగ్గర శుక్రవారం నుంచే ఉంది. ఆయనేం చేస్తాడో చూద్దామని రెండు రోజులు మిమ్మల్ని ఏడవనిచ్చాను."

ఆవిడ చెయ్యి నా తల మీద ఆగిపోయింది.

"రెండ్రోజులు ఏడిపించావు గదా," అంది చివరికి. "మన్నించడానికీ రెండ్రోజులు పడుతుంది. ఎల్లుండి రా. ఈలోపు అన్నం పెట్టు, ఆకలేస్తోంది."

కొబ్బరాకు పొట్లాల్లో ఉడికిన అన్నం కోసి, మీద కొబ్బరిపాలలో చేసిన కోడికూర పోశాను. ఆవిడ తింటూనే మెషిన్ తెరిచింది. అప్పుడు గుమ్మంలో హందోకో కనబడ్డాడు.

"పొద్దున్నుంచి కూర్చున్నా. రావా?"

"తిన్నారా?"

"ఇంట్లో ఏముందని?"

"కూర్చోండి, పెడతాను" అన్నాను. పండగ పూట గుమ్మంలోకి వచ్చినవాళ్ళకి ఎవరికైనా పెడతాం.

కూర్చున్నాడు. బు సులాస్మి మెషిన్‌లోంచి తలెత్తకుండా అంది, "నీ మొక్క ఇంకా వాలిపోయే ఉందిరా."

"పోనీండి బు, మొక్కేగా."

"పోసిన పురుడు గదా, నీళ్ళు పోయక తప్పుతుందా" అంటూ మీట నొక్కింది.

ఆయన పళ్ళెం మీదికి వంగాడు. రెండు ముద్దలు తిన్నాడో లేదో, గోడ అవతల మొదలైంది. టిట్. టిట్. టిట్.

తల ఎత్తకుండానే, నోట్లో ముద్దతోనే, ఆయన అన్నాడు, "పక్కింటిదిలే."

"అవును," అన్నాను నేను. "పక్కింటిదే."

నమలడం ఆగింది. నేను కూరగిన్నె మీద మూత పెట్టాను.